1849లో మగవేషం వేసుకుని బంగారం తవ్వడానికి వెళ్ళిన అమ్మాయి కథ నమ్మేలా ఉంటుందా?

మీ ప్రశ్న నాకు అర్థమైనంతవరకు ఇది. మీరు తెలుగులో ఒక నవల రాస్తున్నారు. కథానాయిక 1849లో మిస్సోరీ నుంచి ఒంటరిగా, మగవేషంలో, గుడారపు బండ్ల వెంట కాలిఫోర్నియా చేరుతుంది. ఏట్లో బంగారం కడిగి రెండేళ్ళలో ధనవంతురాలవుతుంది. మూడో భాగంలో ఆమెకు పెళ్ళవుతుంది. ఇలా జరగడానికి వీలుందా, ఆ ప్రయాణం ఎలా ఉండేది, గనుల దగ్గర ఆడవాళ్ళు ఎలా బతికారు, ఆమెను తెలుగుమ్మాయిగా రాయొచ్చా అని అడిగారు.

ముందు సూటిగా జవాబు చెప్తాను. ఆడవాళ్ళు వెళ్ళారు. మగతోడు లేకుండా వెళ్ళినవాళ్ళు కూడా ఉన్నారు. బాగా సంపాదించినవాళ్ళూ ఉన్నారు. కానీ వాళ్ళలో దాదాపు ఎవరూ ఏట్లో పళ్ళెం పట్టుకుని సంపాదించలేదు. పొయ్యి దగ్గర, బట్టల బాన దగ్గర సంపాదించారు. మగవేషం అసాధ్యమేమీ కాదు, కానీ మీ కథకు అది అవసరం లేదు. ఆడమనిషిగా కనబడటమే అక్కడ ఆమెకు పెట్టుబడి.

నేను సాక్రమెంటో దగ్గర ఉంటాను. చాలా ఏళ్ళుగా ఇక్కడి చరిత్ర ప్రదర్శనల్లో వాలంటీరుగా పనిచేస్తున్నాను. ఆ కాలం బట్టలు కట్టుకుని, బయట కట్టెల మంట మీద ఇనప కుండలో రొట్టె కాల్చి పిల్లలకు చూపించడం నా పని. ఆ పని కోసమే అప్పటి ఆడవాళ్ళ ఉత్తరాలు, డైరీలు చదవడం మొదలుపెట్టాను. ఆ తర్వాత మానలేదు.

మొదట అంకెలు చూడండి. 1848 జనవరి 24న కాలిఫోర్నియాలోని కొలోమా దగ్గర సటర్ రంపపు మిల్లు కాలవలో జేమ్స్ మార్షల్‌కి బంగారం కనబడింది. 1850 జనాభా లెక్కల్లో కాలిఫోర్నియాలో సుమారు 92,000 మంది తేలారు. అందులో ఆడవాళ్ళు నూటికి ఎనిమిది మంది దాకా. గనుల ప్రాంతాలకు వస్తే నూటికి ఇద్దరో ముగ్గురో. ఆ లెక్కల్లో మూలవాసులను సరిగ్గా చేర్చలేదు, కొన్ని కౌంటీల కాగితాలు పోయాయి కూడా. అయినా చిత్రం మాత్రం అదే: వేలమంది మగవాళ్ళు, వండటం రానివాళ్ళు, చొక్కా ఉతుక్కోనివాళ్ళు, జేబులో బంగారపు రజనుతో.

అసలు మొదటి బంగారం కథలోనే ఒక వంటమనిషి ఉంది. మార్షల్ తెచ్చిన ముక్క బంగారమేనా కాదా అని అనుమానం వచ్చినప్పుడు, మిల్లు పనివాళ్ళకు వండిపెట్టే జెన్నీ విమ్మర్ దాన్ని సబ్బు కాచే క్షారపు నీళ్ళలో వేసి మరిగించింది. బంగారం కాకపోతే రంగు మారాలి, మారలేదు. ఆమె అంతకుముందు జార్జియాలో బంగారం దొరికే చోట ఉండి వచ్చింది కాబట్టి ఆ ముక్కను చూసి భయపడలేదు, నమ్మకంగా పరీక్ష పెట్టింది. మా ప్రదర్శనకు వచ్చే పెద్దవాళ్ళలో మార్షల్ పేరు తెలియనివాళ్ళు తక్కువ. జెన్నీ పేరు విన్నవాళ్ళు ఇంకా తక్కువ. నాకు ఇది బాధగానే ఉంటుంది.

ఇక దారి సంగతి. మీ కథకు ప్రాణం ఇదే. మూడు దారులు ఉండేవి, మూడింటికీ మూడు రకాల ఆడవాళ్ళు సరిపోయేవారు.

దక్షిణ అమెరికా కొసన ఉన్న హార్న్ అగ్రం చుట్టూ ఓడలో వెళితే సుమారు 17,000 మైళ్ళు. ఐదారు నెలలు, ఒక్కోసారి ఎనిమిది. సామాను ఎక్కువ ఉన్నవాళ్ళకు, తూర్పుతీరం వాళ్ళకు ఆ దారి. మీ అమ్మాయిది మిస్సోరీ కాబట్టి దీన్ని వదిలేయండి.

పనామా దారి తొందరైనది, ఖరీదైనది. పనామా తూర్పు తీరంలోని చాగ్రెస్ రేవు దాకా ఓడ. అక్కడి నుంచి నది మీద పొడుగాటి పడవల్లో మూడు నాలుగు రోజులు. తర్వాత అడవిలో కంచరగాడిదల మీద పనామా నగరం దాకా. అక్కడ శాన్‌ఫ్రాన్సిస్కో ఓడ కోసం ఎదురుచూపు. ఆ ఎదురుచూపులోనే జ్వరాలు మనుషుల్ని తీసుకుపోయేవి. మెయిన్ రాష్ట్రం నుంచి వైద్యుడైన భర్తతో 1849లో ఈ దారిన వచ్చిన మేరీ జేన్ మెగ్వియర్, ముగ్గురు పిల్లల్ని ఊళ్ళో వదిలి వచ్చింది. పనామా నగరంలో ఓడ దొరక్క వారాల తరబడి ఉండిపోయారు. ఈ దారిలో కంచరగాడిద మీద పక్కకు కూర్చుని ప్రయాణం చేయడం కుదరక, చాలామంది ఆడవాళ్ళు ప్యాంట్లు తొడుక్కుని మగవాళ్ళలా కూర్చున్నారు. మగవేషం సన్నివేశం మీకు తప్పకుండా కావాలంటే, ఎవరినీ మోసం చెయ్యని ఈ మగవేషం వాడుకోండి. 1855 జనవరిలో పనామా రైలు పూర్తయ్యాక ఈ కష్టం పోయింది.

మూడోది నేల దారి. మిస్సోరీ నది ఒడ్డునుంచి సుమారు 2,000 మైళ్ళు. రోజుకు పదిహేను మైళ్ళు నడిస్తే మంచి రోజు. నాలుగు నెలలు తక్కువ, ఆరు నెలలు పట్టినా ఆశ్చర్యం లేదు. ఏప్రిల్ ఆఖరున గడ్డి మొలిచాకే బయలుదేరాలి, లేకపోతే ఎడ్లకు మేత ఉండదు. అక్టోబరు లోపల కాలిఫోర్నియా తూర్పు అంచున ఉన్న సియెర్రా కొండలు దాటాలి, లేకపోతే మంచు. ఈ రెండు గడువుల మధ్యే మీ కథ నడవాలి. 1846లో కొండల్లో మంచుకు చిక్కిన డోనర్ బృందం సంగతి అప్పటికి అందరికీ తెలుసు. ఆ భయం ప్రతి బండిలోనూ ఉండేది.

బండి మీద కూర్చుని ప్రయాణం చేసినట్టు రాయకండి. బండికి స్ప్రింగులు ఉండవు, ఎడ్లకు బరువు తగ్గించాలి. కాబట్టి ఆడవాళ్ళు, పిల్లలు చాలా దారి నడిచే వచ్చారు. బండి నిండా తిండే. మనిషికి 150 నుంచి 200 పౌండ్ల పిండి, 150 పౌండ్ల బేకన్, కాఫీ, చక్కెర తీసుకెళ్ళమని అప్పటి దారి పుస్తకాలు చెప్పేవి. 1850లో వచ్చిన మార్గరెట్ ఫ్రింక్ బండిలో గాలితోగానీ నీళ్ళతోగానీ నింపుకునే రబ్బరు పరుపు ఉంది, కూరగాయలు దొరకవు కాబట్టి స్కర్వీ జబ్బు రాకుండా పుల్లటి యాసిడ్ ఉంది. ఇలాంటి చిన్న వస్తువులే పాఠకుణ్ణి నమ్మిస్తాయి.

వంట సంగతి నేను కాస్త ఎక్కువ చెప్తాను, ఎందుకంటే ఇది నేను చేసి చూసిన పని. దారి మొదటి భాగంలో ప్లాట్ నది వెంట చెట్లు ఉండవు. అందుకని ఎండిన అడవిదున్న పేడ ఏరుకుని మంట పెట్టేవారు. మన ఇళ్ళలో పిడకల మీద వండిన పెద్దవాళ్ళకు ఇందులో వింత ఏమీ ఉండదు. కానీ అక్కడి తూర్పు రాష్ట్రాల ఆడవాళ్ళకు మొదట దాన్ని చేత్తో ముట్టుకోవడమే కష్టమైంది, నెల తిరిగేసరికి ఒడిలో వేసుకుని ఏరుకున్నారు. గాలిలో మంట నిలవదు, గుంట తవ్వి అందులో పెట్టాలి. నేల మీద వంగి వండుతుంటే పొడుగు పావడా అంచు ఎప్పుడూ నిప్పు పక్కనే ఉంటుంది. నేను ఆ బట్టల్లో వండేటప్పుడు సగం ధ్యాస రొట్టె మీద, సగం ధ్యాస పావడా మీద ఉంటుంది. తడిసిన ఊలు పావడా కట్టుకుని ఏరు దాటడం ఎంత బరువో కట్టుకున్నవాళ్ళకే తెలుస్తుంది. పొద్దున పాలు పితికి డబ్బాలో పోసి బండికి వేలాడదీస్తే సాయంత్రానికి కుదుపులకు వెన్న పడేది. దారిలో వచ్చే ఇండిపెండెన్స్ రాక్ అనే పెద్ద రాతిగుట్ట దగ్గర నేలమీద పేరుకున్న తెల్లటి క్షారాన్ని గోకి రొట్టెల్లో సోడాలా వాడేవారు.

చావు సంగతి: 1849, 50లలో ప్లాట్ నది వెంట కలరా. పొద్దున బాగున్న మనిషి సాయంత్రానికి పోయేవాడు. కాఫీ కోసం నీళ్ళు మరిగించుకున్నవాళ్ళు తమకు తెలియకుండానే బతికారు. డైరీల్లో ఒక తేడా మీరు గమనించాలి. మగవాళ్ళు మైళ్ళు రాస్తారు, గడ్డి ఉందా లేదా రాస్తారు. చాలామంది ఆడవాళ్ళు దారి పక్క సమాధులు లెక్కపెట్టి రాశారు.

డైరీల్లో కనబడనివి కూడా ఉన్నాయి. నెలసరి గురించి దాదాపు ఒక్క మాట ఉండదు. కడుపుతో ఉన్న విషయం కూడా చెప్పరు. ఒకరోజు హఠాత్తుగా బండి ఆగుతుంది, బిడ్డ పుడుతుంది, ఒకటి రెండు రోజుల్లో బండి మళ్ళీ కదులుతుంది. చెట్టూ చేమా లేని మైదానంలో మరుగు కోసం ఆడవాళ్ళు చుట్టూ నిలబడి పావడాలు పరిచి అడ్డు పెట్టేవారు. తోటి ఆడది లేకపోతే ఆ అడ్డు లేదు. ఒంటరి అమ్మాయిని ఈ దారిలో పంపితే మీకు వచ్చే అసలు చిక్కు ఇదే. ఆరు నెలలు, అందరి కళ్ళముందు, మరుగులేని నేల మీద మగవేషం దాచడం కష్టం. పైగా బండి, ఎడ్లు, తిండి ఒక్క మనిషి నడపలేదు, ఏదో ఒక గుంపులో చేరాలి.

గుంపులు ఆడవాళ్ళను ఎలా చూశాయో చెప్పడానికి లుజీనా విల్సన్ కథ ఒక్కటి చాలు. 1849లో భర్త, ఇద్దరు పిల్లలతో మిస్సోరీ నుంచి బయలుదేరింది. దారిలో ఒక పెద్ద మగ గుంపు వీళ్ళను తమతో రానివ్వలేదు. ఆడవాళ్ళు, పిల్లలతో మాకు బరువు, మేం కాలిఫోర్నియా వెళ్ళాలి అన్నారు. కొన్ని నెలల తర్వాత ఎడారిలో అదే గుంపు ఆకలితో, దప్పికతో వీళ్ళకు ఎదురుపడింది. లుజీనా వాళ్ళకు తిండి, నీళ్ళు ఇచ్చింది. నాయకుడు క్షమించమన్నాడు.

ఆ ఎడారి హంబోల్ట్ నది ఇంకిపోయే చోటు తర్వాత వచ్చే నలభై మైళ్ళ ఎడారి. ఇప్పుడు నెవాడాలో ఫ్రీవే మీద కారులో దాన్ని దాటేస్తాం. నేను ఎండాకాలంలో అక్కడ కారు ఆపి దిగాను. తెల్లటి ఉప్పు దుమ్ము కళ్ళలో, ముక్కులో పడుతుంది, ఎక్కడా నీడ లేదు. 1849 అక్టోబరులో సారా రాయిస్ రెండేళ్ళ కూతురితో అక్కడ ఉంది. గడ్డి, నీళ్ళు నింపుకోవాల్సిన మలుపు చీకట్లో దాటిపోయి, ఎడారి మధ్యదాకా వచ్చి, తిరిగి వెనక్కి నడవాల్సి వచ్చింది. కొండల కిందకు చేరేసరికి మంచు దగ్గరపడింది. వెనకబడ్డవాళ్ళ కోసం ప్రభుత్వం పంపిన మనుషులు ఇద్దరు ఎదురొచ్చి, బండి వదిలేసి కంచరగాడిదల మీద ఎక్కమని చెప్పడం వల్ల బతికారు. ఆమె కొడుకు జొసాయా రాయిస్ తర్వాత పేరున్న తత్వవేత్త అయ్యాడు.

ఒంటరి అమ్మాయికి నమ్మదగిన మార్గం ఒకటి చెప్తాను. పిల్లలున్న ఒక కుటుంబానికి వంటకు, పిల్లల పనికి సాయంగా కుదిరి, ఆ బండితో రావడం. లేదా దారిలో భర్త కలరాకు పోయిన భార్యగా బండి ముందుకు నడపడం. వెనక్కి వెళ్ళడం అంతే దూరమైనప్పుడు చాలామంది ముందుకే వచ్చారు.

గనుల దగ్గర బతుకు. లుజీనా సాక్రమెంటో దగ్గరకు చేరినరోజు నిప్పు మీద రొట్టెలు కాలుస్తుంటే, ఒక గని మనిషి వచ్చి ఐదు డాలర్లు ఇస్తాను, ఆ రొట్టెలు ఇమ్మన్నాడు. ఆమె ఆశ్చర్యపోయి మాట్లాడకపోతే పదిస్తానన్నాడు, ఆడమనిషి చేతి రొట్టె కావాలన్నాడు. తర్వాత సాక్రమెంటోలో ఎడ్లు అమ్మిన డబ్బుతో హోటల్లో వాటా కొన్నారు. నెలల తరబడి అక్కడ ఉన్నా ఆమెకు కనబడిన ఆడవాళ్ళు ఇద్దరే. 1850 జనవరి వరదలో ఉన్నదంతా పోయింది. చేతిలో డబ్బు లేదు. ఒక బండివాడు 700 డాలర్లు అప్పుగా పెట్టుకుని ఆమెను, పిల్లల్ని, పొయ్యిని నెవాడా సిటీ అనే కాలిఫోర్నియా గని ఊరికి చేర్చాడు. ఆ అప్పు తీరుతుందని అతని నమ్మకం, ఎందుకంటే ఆమెతో పొయ్యి ఉంది.

భర్త కట్టెల కోసం వెళ్ళిన పూట ఆమె నేలలో గుంజలు పాతి, పలకలు కొని బల్ల చేసి, సరుకులు తెచ్చి వండేసింది. అతను తిరిగొచ్చేసరికి ఇరవై మంది గని మనుషులు తింటున్నారు. ఒక్కొక్కరూ డాలరు చేతిలో పెట్టి ఇక రోజూ వస్తామన్నారు. కొంతకాలానికి ఆ పూటకూళ్ళ ఇంట్లో తినేవాళ్ళు వందకు పైమాటే, వారానికి 25 డాలర్లు. గని మనుషులు తమ బంగారం ఆమె దగ్గరే దాచుకునేవారు. పాల గిన్నెల నిండా బంగారపు సంచులు పెట్టి రాత్రి పొయ్యి అరలో మూసేదాన్నని ఆమె చెప్పుకుంది. ఆమె నెలకు నూటికి పది చొప్పున వడ్డీకి కూడా ఇచ్చింది. తర్వాత ఊరు తగలబడింది, మళ్ళీ అంతా పోయింది. మళ్ళీ లేచి వాకావిల్ దగ్గర ఇల్లు పెట్టుకున్నారు.

మీరు అడిగిన "రెండేళ్ళలో ధనవంతురాలు" ఇందులో ఉంది. అయితే వరద, మంట కూడా ఇందులోనే ఉన్నాయి. గుడ్డ, పలకల ఊళ్ళు అవి. తగలబడని ఊరు అరుదు.

మగవాడి కూలితో పోల్చండి. ఏట్లో తవ్వేవాడికి 1848లో రోజుకు సగటున 20 డాలర్ల దాకా పడింది. 1852 నాటికి అది ఆరు డాలర్లకు దిగింది, తర్వాత ఇంకా తగ్గింది. బంగారం తరిగిపోతుంటుంది, ఆకలి తరగదు. ఒక ఆవిడ ఉత్తరంలో, కట్టెలు తనే కొండ మీంచి లాక్కొచ్చి కొట్టుకుని సుమారు 18,000 డాలర్ల పైలు (లోపల పండ్లో మాంసమో పెట్టి కాల్చే పిండివంట) కాల్చి అమ్మానని, అందులో మూడో వంతు లాభమని రాసింది. అందులో 11,000 డాలర్లవి ఒకే ఒక్క చిన్న ఇనప మూకుట్లో. నా చేతులతో ఆ రకం మూకుట్లో పైలు కాల్చాను కాబట్టి చెప్తున్నాను, ఆ అంకె వెనక ఎన్ని తెల్లవారుజాములున్నాయో ఊహించండి.

ఉతుకు కూడా అలాంటిదే. శాన్‌ఫ్రాన్సిస్కోలో కొందరు మురికి చొక్కాలను ఓడలో హవాయికి, చైనాకు పంపి ఉతికించుకున్నారు. 1851లో ఫెదర్ నది ఒడ్డున రిచ్ బార్ అనే గని ఊరికి వచ్చిన లూయీస్ క్లాప్ తన చెల్లెలికి రాసిన ఉత్తరాల్లో ఒక ఉతికే ఆవిడ గురించి రాసింది. తొమ్మిది వారాల్లో ఖర్చులు పోను తొమ్మిది వందల డాలర్లు "తన మొగుడికి" సంపాదించి పెట్టిందని ఒకడు మెచ్చుకున్నాడట. డబ్బు ఎవరిదో ఆ మాటలోనే ఉంది. నవలలో ఈ విషయం తప్పక రావాలి.

ఇదే లూయీస్ క్లాప్ ఒకసారి సరదాగా బంగారం కడిగింది. 3.25 డాలర్ల బంగారం వచ్చింది. కాళ్ళు తడిశాయి, గౌను చిరిగింది, కొత్త గ్లోవ్స్ పాడయ్యాయి, వేళ్ళు కొంకర్లు పోయాయి, తలనొప్పి, జలుబు, పైగా విలువైన బ్రోచ్ పోయింది. మీ నాయిక ఏట్లో దిగే మొదటిరోజుకు ఈ వివరాలు దగ్గర పెట్టుకోండి. కొండల మంచు కరిగి వచ్చే నీళ్ళు అవి. జూన్‌లో కూడా నేను ఆ నీళ్ళలో చెయ్యి ఎక్కువసేపు పెట్టలేను.

చాకిరీని తేలిక చేసి రాయకండి. శాన్‌ఫ్రాన్సిస్కోలో పూటకూళ్ళ ఇల్లు నడిపిన మేరీ జేన్ మెగ్వియర్ తన దినచర్య ఇంటికి రాసింది. పొద్దున కాఫీ, రొట్టెలు, బంగాళాదుంపలు, మాంసం. తర్వాత మధ్యాహ్నం భోజనం, మళ్ళీ రాత్రికి. పడకలు సర్దడం, ఉతుకు, ఇస్త్రీ. ఆరు గుర్రాల శక్తి లేకపోతే ఎప్పుడో చచ్చిపోయేదాన్నని ఆమె మాట. రిచ్ బార్‌లో ఉన్న నలుగురైదుగురు ఆడవాళ్ళలో ఒకామె కడుపులో వాపు జబ్బుతో నాలుగు రోజుల్లో పోయింది, పది నెలల బిడ్డను వదిలి. శవపేటిక మీద కప్పడానికి జూదం బల్ల మీది గుడ్డ తెచ్చారు.

ఒక్క రకం ఆడవాళ్ళ కథే రాయకండి. పై ఉత్తరాలన్నీ చదువుకున్న తెల్ల ఆడవాళ్ళవి. కొలోమా నిసెనాన్ అనే మూలవాసుల నేల. 1848లో మూలవాసి మగవాళ్ళూ ఆడవాళ్ళూ బంగారం కడిగారు, తాము అల్లిన బుట్టలతో కూడా. బయటివాళ్ళు ముంచుకొచ్చాక వాళ్ళను తరిమారు, చంపారు. 1850లో రాష్ట్రం చేసిన చట్టం మూలవాసి పిల్లల్ని తెల్లవాళ్ళ ఇళ్ళలో కట్టు పనికి పెట్టుకోవడానికి దారి ఇచ్చింది. 1848లో సుమారు లక్షా యాభై వేలున్న మూలవాసులు 1870 నాటికి ముప్పై వేలకు పడిపోయారు. కాబట్టి మీ నాయిక చేరిన లోయను ఖాళీ నేలగా వర్ణించకండి. ఆమె పొయ్యి పెట్టిన చోట అంతకుముందు ఇంకొకరి పొయ్యి ఉంది.

మెక్సికోలోని సొనోరా నుంచి కుటుంబాలు కుటుంబాలుగా, ఆడవాళ్ళతో సహా వచ్చారు. వాళ్ళకు బంగారం కడగడం ముందే తెలుసు. 1850లో విదేశీ గని మనుషుల మీద నెలకు 20 డాలర్ల పన్ను వేసి చాలామందిని వెళ్ళగొట్టారు. 1851 జులై 5న డౌనీవిల్‌లో హోసెఫా అనే మెక్సికన్ ఆమెను, ముందురోజు రాత్రి తన ఇంటి తలుపు విరగ్గొట్టిన గని మనిషిని పొడిచి చంపిందని, గుంపు విచారణ చేసి వంతెన మీద ఉరితీశారు. ఆడమనిషి కనబడితే టోపీ తీసి గౌరవించారనే మాట మీరు చాలాచోట్ల చదువుతారు. ఆ గౌరవం ఎవరికి దక్కిందో ఆ వంతెన చెప్తుంది.

నాన్సీ గూచ్ గురించి కూడా చదవండి. 1849లో బానిసగా కొలోమాకు తెచ్చారు. 1850లో కాలిఫోర్నియా బానిసత్వం లేని రాష్ట్రంగా చేరాక స్వేచ్ఛ వచ్చింది. గని మనుషులకు వండి, ఉతికి కూడబెట్టి, మిస్సోరీలో వదిలి రావాల్సి వచ్చిన కొడుకు కుటుంబాన్ని తన దగ్గరకు తెచ్చుకుంది. మార్షల్‌కి బంగారం దొరికిన ఆ మిల్లు స్థలం కూడా చివరికి ఆ కుటుంబం చేతికే వచ్చింది. నాకు ఈ మొత్తం చరిత్రలో అన్నిటికంటే ఇష్టమైన మనిషి ఆమె. ఉత్తరాలు రాయలేదు, అందుకే ఆమె గురించి తక్కువ రాశారు. చైనా నుంచి వచ్చిన ఆడవాళ్ళు చాలా కొద్దిమంది, వాళ్ళలో ఎందరినో అమ్మి, కొని తెచ్చారు. సరిగ్గా చదవకుండా ఆ పాత్ర జోలికి వెళ్ళకండి.

మగవేషం గురించి: చార్లీ పార్క్‌హర్స్ట్ అనే పేరున్న గుర్రబ్బండి తోలరి 1850ల మొదట్లో కాలిఫోర్నియాకు వచ్చి, 1879లో చనిపోయాకే ఆడ శరీరమని బయటపడింది. 1868 నాటి ఓటర్ల జాబితాలో ఆ పేరు కూడా ఉంది. అంటే బతుకంతా అలా బతికినవాళ్ళు ఉన్నారు. కానీ అది బంగారం కోసం రెండేళ్ళు వేసుకున్న వేషం కాదు, ఒక మనిషి ఎంచుకున్న జీవితం. రెండింటినీ కలపకండి.

నాయిక నిజంగా ఒంటరిగానే ఉండాలి, తనే వ్యాపారం చేయాలి అని మీ పట్టుదల అయితే 1849 కన్నా 1897 క్లోండైక్ మేలు. కెనడా యూకాన్‌లో 1896 ఆగస్టులో బంగారం దొరికింది. అక్కడికి వెళ్ళే దారిలో ఉన్న చిల్కూట్ కనుమ దాటడానికి మనిషి ఒక్కొక్కరూ దాదాపు టన్ను సామాను మొయ్యాలి లేదా మోయించాలి. బెలిండా మల్‌రూనీ 1897లో పట్టుబట్టలు, వేడినీళ్ళ సీసాలు మోయించుకుని వెళ్ళి అక్కడి డాసన్ ఊళ్ళో కొన్నధరకు ఎన్నో రెట్లు లాభానికి అమ్మి, భోజనశాల, తర్వాత గనుల దగ్గర, డాసన్‌లో హోటళ్ళు కట్టింది. మార్తా పర్డీ 1898లో భర్త వెనక్కి తగ్గితే కడుపుతో ఉండి తమ్ముడితో కలిసి కనుమ దాటింది. 1935లో దాదాపు డెబ్బై ఏళ్ళ వయసులో కెనడా పార్లమెంటుకు ఎన్నికైంది. అక్కడ కూడా మొదటి బంగారం కథలో టాగిష్ అనే మూలవాసి తెగ మహిళ షా త్లా ఉంది. బయటివాళ్ళు కేట్ కార్మాక్ అన్నారు. భర్త ఆమెను తర్వాత వదిలేశాడు.

తెలుగుమ్మాయిగా రాయొచ్చా అంటే, 1849 కాలిఫోర్నియాలో వద్దు. ఆ దశాబ్దాల్లో తెలుగువాళ్ళ నిజమైన ఓడ ప్రయాణం కోరంగి రేవు నుంచి మారిషస్ చెరకు తోటలకు. బంగారమే కావాలంటే 1880ల తర్వాత కోలార్ గనులు ఉన్నాయి. అక్కడ తమిళ కుటుంబాలతో పాటు తెలుగు కుటుంబాలు తరాల తరబడి పనిచేశాయి. అది వేరే నవల, కానీ రాయాల్సిన నవల.

మీ కథను 1849లోనే ఉంచుకుంటే ఒక లెక్క సరిచూసుకోండి. 1849 కాలిఫోర్నియా రాజ్యాంగం పెళ్ళైన ఆడదానికి పెళ్ళికి ముందున్న ఆస్తిని, తర్వాత బహుమతిగానో వారసత్వంగానో వచ్చిన ఆస్తిని సొంతంగా ఉంచింది. పెళ్ళి తర్వాత రొట్టెలు అమ్మి సంపాదించింది మాత్రం ఉమ్మడి ఆస్తి, పెత్తనం భర్తది. 1852 ఏప్రిల్‌లో వచ్చిన చట్టంతోనే భార్య తన పేరు మీద వ్యాపారం నమోదు చేసుకుని ఆ సంపాదన తన చేతిలో పెట్టుకునే వీలు కలిగింది. మీ నాయికకు మూడో భాగంలో పెళ్ళి పెట్టారు కదా. 1851లో పెడితే పెళ్ళి తర్వాత ఆమె పూటకూళ్ళ ఇంటి మీద వచ్చే డబ్బు అతని పెత్తనంలోకి పోతుంది. 1852 వేసవిలో పెట్టి, పెళ్ళి కాగానే ఆమె కౌంటీ ఆఫీసుకు వెళ్ళి కాగితం రాయించుకున్నట్టు రాస్తే డబ్బు ఆమెదే. రెండింటిలో ఏది కావాలో కథను బట్టి మీరే తేల్చుకోండి.